సరిజోడీ కట్టిన మాంగ్ టెబన్

బులక్‌ని కొట్టు తూకపు పళ్ళెంలో కూర్చోబెట్టడానికి నెనితకి మనసొప్పలేదు; తూకం కాగానే ఒళ్ళోకి తీసుకుంది. ఆర్నెల్ల క్రితం వీధికుక్క మెడ కరిచినప్పట్నుంచీ దూదిపింజంత ఆ బుజ్జికుక్క మంచం కిందే బతుకుతోంది. ఇవాళ కూడా బెదిరిపోతే ఇక జన్మలో బయటికి రాదని నెనిత భయం. ఎదురుగా కొట్టు యజమానురాలు ఆలింగ్ కొరింగ్ కుక్క టిసోయ్ గొలుసు గుంజుతోంది.

"రెండున్నర కిలోలు. టిసోయ్ కూడా అంతే. బెంగ వదిలెయ్ అమ్మాయ్," అన్నాడు మాంగ్ టెబన్, రొట్టె కాఫీలో ముంచుతూ. ముప్పై ఏళ్ళు కోడిపందేల బరిలో పుంజుల్ని తూచి జోడీలు కట్టినవాడు. ఇప్పుడు లగూనా ప్రాంతంలోని ఆ వీధిలో బుజ్జికుక్కల ఆటలకి తనే పెద్ద.

"మొదట రెండింటితోనే మొదలెట్టా. తూచా, ఎదురెదురుగా పెట్టా, అక్కచెల్లెళ్ళలా ఆడుకున్నాయి. ఆ తర్వాత ఏమైందో తెలుసా? మర్నాటికి నలభై వచ్చాయి!"

"పోయినసారి ఇరవై అన్నావు," అంది కొరింగ్.

"ఇరవై పొద్దున, ఇరవై సాయంత్రం, అడ్డు రాకు! అంతలో తుఫాను, వీధంతా నీళ్ళు, ఒకదాని తోక ఒకటి పట్టుకుని ఈదుకుంటూ చర్చి మెట్లెక్కి నలభై గొంతులూ ఒక్క శ్రుతిలో పాడాయి, అది విని ఓడేసుకుని మూడొందలు దిగాయి, అన్నిటికీ నేనే జోడీ కట్టా, ఒక్కదానికీ గోటి గీత పడలేదు! కొండచిలువ వస్తే దాన్నీ తూచా. నూట ఇరవై కుక్కలకి సరితూగింది. నూట ఇరవైనీ దాంతో ఆడించా, పొద్దుగూకేదాకా పాపం అది తోకతో తాడాట తిప్పుతూనే ఉంది!"

చెబుతూ చెబుతూనే బులక్‌ని నెనిత ఒళ్ళోంచి తీసుకుని, పొట్ట కింద చెయ్యి వేసి, టిసోయ్ మూతికి జానెడు దూరంలో పట్టుకున్నాడు. బులక్ వెన్ను మీద వెంట్రుకలు నిక్కాయి. టిసోయ్ పై పెదవి లేచింది.

"చూశావా, సరిజోడీ!"

ఆ పట్టు నెనితకి తెలుసు. వాళ్ళ నాన్న కూడా పందెం పుంజుల్ని పోరుకి రెచ్చగొట్టడానికి అలాగే పట్టుకునేవాడు.

"మాంగ్ టెబన్, బరిలో తూచి సరిజోడీ ఎందుకు కడతారు?"

"అదేం ప్రశ్న? ఏదీ తేలిగ్గా ఓడకూడదు, పోరు చివరిదాకా సాగాలి..."

అంటూనే తన చేతుల్లోని బులక్ కేసి చూశాడు. నెనిత బులక్‌ని లాక్కుంది.

"ఆలింగ్ కొరింగ్, ఎదురెదురుగా వద్దు. వీధికి నువ్వా అంచున, నేనీ అంచున, ఒకే దిక్కుకి నడుద్దాం."

వీధి సగం దాటేసరికి బులక్ వణుకు తగ్గింది. ఇంకొంచెం నడిచాక, కడుపు కింద దాచుకున్న తోక బయటికి వచ్చి, టిసోయ్ వైపు ఒకసారి ఊగింది. నెనితకి ఏడుపొచ్చినంత పనైంది.

అప్పుడు కొరింగ్ వెనక్కి తిరిగి కేకేసింది.

"ఇంతకీ మాంగ్ టెబన్, ఓడలో వచ్చిన మూడొందల్లో గోటి గీత పడకుండా తిరిగి ఓడెక్కినవెన్ని?"