స్వామివారి కుడిచెయ్యి

స్టీల్‌ప్లాంటు వాళ్ళ ఉక్కునగరం క్వార్టర్లో గంగాధరరావునీ, ఆయన భార్య సూర్యకళనీ హేమశ్రీ ఫోన్‌లో వీడియో తీస్తోంది. కేబుల్ టీవీ కొత్తగా వచ్చిన రోజుల్లో, పొద్దుటిపూట భక్తి కార్యక్రమంలో విష్ణుమూర్తి ఆయనే.

"…అంచేత గిన్నె తియ్యరు, గ్యాసుబండ కదపరు. దేవుడి సెయ్యట! అప్పట్నించీ నాను వైకుంఠంలో అంట్లు తోముతన్నానమ్మా హేమశ్రీ."

"ఆంటీ, ఇదంతా రికార్డవుతోంది!"

"అవనీ."

"సూర్యకళా, కాఫీ తేవే. ఏటమ్మా అడిగేవు?"

"ఆఖర్న చెయ్యెత్తి దీవించేవారు కదా అంకుల్. తెర నిండా ఆ చెయ్యొక్కటే కనిపించేది. మా అమ్మ టీవీకి హారతిచ్చేది."

"మీ అమ్మొక్కర్తేనేటి! పరీక్షలొస్తే పిల్లల్ని మా గుమ్మంలోకి తెచ్చీసేవోరు. అందర్నీ దీవించాను."

"పక్కింటి అప్పలరాజునీ దీవించేరు. దీవించినప్పుడల్లా ఇంటర్ తప్పేడు."

"ఆడు సదవలేదే!"

"అంకుల్, ఒక్కసారి అలా చెయ్యెత్తండి. పాత క్లిప్పు పక్కన పెడతాను."

"భుజం నొప్పమ్మా."

"పొద్దున్న దోమల బ్యాటు తిప్పినప్పుడు లేదండీ?"

"ఎత్తుతున్నానే… ఇదిగో."

"అయ్యో, వణుకుతోందేంటి అంకుల్?"

"వయసు."

"అప్పుడూ వణికింది. కెమేరా అనగానే గజగజ. షూటింగుకాడికి కేరేజీ ఇద్దామని ఎళ్ళిన నన్ను కూకోబెట్టి, గాజులు తీయించి, మోచేతిదాకా నీలం రంగు పూసేసేరు. మీ అమ్మ హారతిచ్చింది నా సెయ్యికమ్మా."

"నవ్వులాటకంటాది! అది తీసెయ్యమ్మా."

"క్లిప్పులో బొటనవేలి కింద మచ్చుంది అంకుల్."

"అదా… ప్లాంటులో కాలింది."

"ప్లాంటులో గారెలెవరు వండేరండీ? ఇదిగోనమ్మా నా సెయ్యి. దగ్గరగా తియ్యి."

"అదే మచ్చ! ఇన్నాళ్ళూ చెప్పలేదేం ఆంటీ?"

"ఆడమనిషి సెయ్యని తెలిస్తే హారతులాగిపోతాయన్నారు. సరే అన్నాను. టీవీ వోళ్ళూ పోయేరు, పోగ్రామూ పోయింది. ఇంకైనా ఈయన నోట ఒక్కసారి ఇందామని సూస్తన్నాను. ఇవాళా సెప్పరు. ఆపెయ్యమ్మా, కాఫీ పెడతాను."

"కూకోవే. కాఫీ నాను పెడతాను."

"మీరా?"

"ఆపకమ్మా, నా మొహం మీద పెట్టు. ఒరే అప్పలరాజూ, ఎక్కడున్నావో గానీ ఇనరా. దీవించే సెయ్యి వంటింట్లో గారెలు వండతంటే, నాది తెచ్చి నీ నెత్తిన పెట్టేను. తప్పు నీది కాదురా, నాదే."