మూత తియ్యని గవరమ్మ

గవరమ్మ ఉంది చూడు, అది పుట్టిందేమో వరిచేల మధ్య, వచ్చి పడ్డదేమో రాళ్ళ మధ్య. పుట్టింట్లో నాట్లూ కోతలూ తప్ప ఇంకో పని ఎరగదు. మొగుడు బుల్లియ్య గోదారొడ్డున రాతిపూసలు చేసేవాడంట. రాతిపూసలంటే గాజుపూసలు కాదర్రా, నిజం రాయే. ఏటి గులకల్లోంచి ఏరుకొచ్చేది. అకీకు రాయంటారు దాన్ని. పైకి చూస్తే ఏముందీ, మట్టి పట్టిన చేమదుంపలాగుంటాది, మనమైతే తన్నుకుంటూ పోతాం. పగలగొట్టి ఎండకి పట్టేవనుకో, అప్పుడు తెలుస్తాది దాని సంగతి. ఒకదాంట్లో పాలలాంటి తెలుపు, ఒకదాంట్లో ఉల్లిపాయ పొరల్లాగ చారలు, ఒకదాంట్లో నాచు పట్టినట్టు పచ్చటి గీతలు, ఒకటేమో తేనె రంగు. కత్తితో గీస్తే కత్తి అరగాల్సిందే గానీ దానిమీద గీటు పడదు. కంసాలి బంగారానికి మెరుగు పెట్టాలన్నా అదే రాయి, వైద్యుడు మందు నూరుకునే చిన్న కల్వానికీ అదే, దివాణాల్లో ముద్ర ఉంగరానికీ అదే, ఎందుకంటే వేడి లక్క దానికి అంటుకోదు. ఇన్ని ఉన్నాయా, అయినా జనానికి కావలసింది ఎర్ర పూసే. ఆ ఎరుపేమో ఏట్లో ఎక్కడోగానీ దొరకదు. తేనె రంగు పూసని ఎండలో పెట్టి, ఆనక కుండలో పెట్టి కాలిస్తే అప్పుడు ఎర్రబడతాదంట.

గవరమ్మ కాపరానికొచ్చిన కొత్తలో అత్త సత్తెమ్మ కూచోబెట్టి చెప్పిందంట. ఒసే గవరా, కుండ అడుగున బూడిద పోసి, పూసలు ఒకదానికొకటి తగలకుండా పేర్చి, మళ్ళీ బూడిద పోసి, మూత పెట్టి మట్టి మెత్తాలే. చుట్టూ పిడకలు పేర్చి సెగ పెట్టాలి. మంట కాదు, సెగ. పిడకలు ఆరిపోయేయి కదా అయిపోయిందనుకోకు, అసలు కథ అక్కడే ఉంది. అప్పట్నుంచీ ఆ కుండ బాలింతతో సమానం. గాలి తగలకూడదు, ఎవరూ తొంగి చూడకూడదు, అందుకే మనం గుమ్మానికి వేపమండలు కడతాం. తనంతట తను చల్లారాలి. మూతమీద చెంప ఆనిస్తే మూతకంటే నీ చెంపే వెచ్చగా అనిపించాలి, అప్పుడు తియ్యి. ముందే తీసేవా, చల్లగాలి తగిలి లోపల రాయి చిట్లిపోద్ది. మా అత్త నాకు చెప్పింది, నేను నీకు చెప్తన్నాను, మొగుడడిగినా తియ్యకు, దేవుడొచ్చి అడిగినా తియ్యకు, అందంట. గవరమ్మ ఊఁ అంది. అది ఊఁ అందంటే ఇక అంతే. ఒక మాట బుర్రలోకి ఎక్కిందంటే పదిమంది కలిసి లాగినా దిగదు, అంత మొండిఘటం.

ఇంతలో ఏమైందంటే, ఆ ఊరి జమీందారు దొరగారింట్లోంచి దొరసాని దండ ఒకటి వచ్చింది. పాతకాలపు ఎర్ర పూసల దండ, దారం చివికిపోయింది, మళ్ళీ గుచ్చమని. బుల్లియ్య కొత్త పట్టుదారం పేని, గుచ్చి పంపించేడు. సాయంత్రానికల్లా దివాణం మనుషులు వచ్చి గుమ్మంలో నించున్నారు. దండలో నడిమి పూస, రేక్కాయంత పూస, లేదంట! అది నా చేతికొచ్చినప్పుడే లేదండి బాబూ అంటాడు వీడు, ఎవడు వింటాడు? ఆ దొరకి కోపం ముక్కుమీద ఉంటాది. నోట్లోంచి ఒక మాట వచ్చిందంటే అది తప్పయినా సరే వెనక్కి తీసుకోడు, అదేదో మగతనం అనుకుంటాడు. ఆయన ఏమన్నాడంటే, ఆ దండ మా ముత్తాతలు సముద్రాలవతలనుంచి తెప్పించింది, అంత ఎరుపు ఈ నేలమీద పుట్టదు, ఆదివారం సంతలో మిట్టమధ్యాన్నానికి అలాంటి పూస నా చేతిలో పెట్టావా సరే, లేకపోతే పూస కాజేసిన చెయ్యి మణికట్టుదాకా తీయించేస్తాను, అన్నాడు. అని బుల్లియ్యని పట్టుకుపోయి గుర్రపుసాలలో కట్టేయించేడు.

మరి పూసలు చేసేవాడికి చెయ్యి పోతే ఏం మిగులుద్దర్రా? సత్తెమ్మ గుండెలు బాదుకుని ఏడుస్తంది. గవరమ్మ ఏడవలేదంట. కొంగు బిగించి దోపుకుని అటకమీంచి బుట్ట దింపింది. అందులో బుల్లియ్య సానబట్టి, బెజ్జం వేసి, ఇంకా కాల్చకుండా ఉంచిన పూసలున్నాయి. "అత్తా, ఇవి కాల్చేద్దాం" అంది. "వాటికింకా ఎండ చాలలేదే" అంది సత్తెమ్మ. "చాలినంత చాలింది, కుండ తియ్యి" అంది ఇది. అత్తాకోడళ్ళు కుండ సిద్ధం చేసేరు. చేసేరా, పట్టింది వాన! కాలం కాని కాలంలో ఎక్కణ్ణుంచొచ్చిందో, దొడ్లో పిడకలన్నీ నానిపోయేయి. ఇంకొకతైతే నుదుటిమీద చెయ్యేసుకుని కూచునేది. గవరమ్మ తాటాకు గొడుగేసుకుని, గంపెత్తుకుని, ఇంటింటికీ పోయి పొయ్యి పక్కన దాచుకున్న పొడిపిడకలు అడిగింది. ఒకావిడ రెండిచ్చింది. ఒకావిడ దొర తిడతాడని తలుపేసుకుంది. తలుపేస్తే ఏం, మళ్ళీ కొట్టింది, తీసేదాకా కొట్టింది. అలా అడిగీ అడిగీ పోగేసుకొచ్చి సెగ పెట్టేసరికి శనివారం పొద్దు గుంకిపోయింది.

ఆదివారం తెల్లారింది. పిడకలు కాలి బూడిదైపోయేయి గానీ కుండ ఇంకా చుర్రుమంటంది. అది చల్లారాలంటే మళ్ళీ సాయంత్రం కావాలి. దొర పెట్టిన గడువేమో మధ్యాన్నం. ఇప్పుడేం చేస్తారు? సత్తెమ్మ చూసింది చూసింది, ఇక ఉండబట్టలేకపోయింది. "ఒసే గవరా, తీసేద్దామే" అంది. "ఇంకా వేడిగా ఉందత్తా." "ఉంటే ఉందిలే, పట్టకారుతో తీద్దాం. అన్నీ చిట్లినా ఒక్కటి బాగుండకపోదా." "నువ్వేగా అత్తా చెప్పేవు, దేవుడొచ్చి అడిగినా తియ్యొద్దని?" "నేను లక్ష చెప్తానే! అప్పుడు నా కొడుకు గుర్రపుసాలలో లేడు!" అని అరిచిందంట ఆ ముసల్ది. అరిచి, పట్టకారు తీసుకుని కుండమీదకి పోయింది. గవరమ్మ ఏం చేసిందనుకున్నారు? అత్త మణికట్టు పట్టుకుంది! కోడలు అత్త చెయ్యి పట్టుకోడం ఆ వాడలో అదే మొదలంట. "రాళ్ళింట్లో పుట్టనిదానివి, నీకేం తెలుసే" అని ఈవిడ తిడతా ఉంది. "పుట్టలేదత్తా. అందుకే నాకున్నది నువ్వు చెప్పిన మాట ఒక్కటే. అదీ వదిలేస్తే ఇక నా దగ్గరేముంది?" అంది గవరమ్మ. సత్తెమ్మ పట్టకారు కింద పడేసి మళ్ళీ ఏడుపుకి కూచుంది.

గవరమ్మ ఆలోచించింది. కుండ వెళ్ళకపోతే దొర ఆగడు, మూత తీస్తే రాయి ఆగదు. సరే, కుండనే తీసుకుపోదాం అనుకుంది. పెద్ద గంపలో ఊక పోసి, మధ్యలో కుండ కూచోబెట్టి, చుట్టూతా మళ్ళీ ఊక కూరి, పైన గోనె కప్పి, గుమ్మానికున్న వేపమండలు తెంపి ఆ గోనెమీద పెట్టింది. చుట్టకుదురేసుకుని నెత్తికెత్తుకుంది. ఊకలోంచి సెగ మాడు మీదకి దిగతా ఉంది, చెమట కళ్ళల్లోకి కారతా ఉంది, అయినా నడుస్తంది. వెనకాల సత్తెమ్మ, సోష వచ్చినట్టు తూలుకుంటా.

సంతలో ఎండుచేపలమ్మేవాళ్ళూ, మిరపకాయలోళ్ళూ, గాజులోళ్ళూ అందరూ బేరాలు మానేసి చూస్తన్నారు. మధ్యలో గొడుగు కింద దొర. ఆయన ముందు మొద్దుమీద బుల్లియ్య చెయ్యి పెట్టించి ఉంచేడు, పక్కన కత్తి పట్టుకుని ఒక బంట్రోతు. గవరమ్మ తిన్నగా వచ్చి గంప దించింది. "పూస తెచ్చేవా?" "తెచ్చేనండి. లోపలుందండి." "తియ్యి." "తియ్యనండి. పొద్దుగుంకేక తీస్తానండి." దొర మొహం కందగడ్డ అయిపోయింది. "నాకే గడువు పెడతావటే? ఒరే, తియ్యరా మూత!" అన్నాడు బంట్రోతుతో. గవరమ్మ కదల్లేదు, గంపకి అడ్డంగా కూచుని, "అయ్యగారూ, ఇది పురిటికుండండి. మా వాడలో దీన్ని బాలింతంటారండి. వేపమండలు కట్టిన గదిలోకి మీరు పుట్టినప్పుడు మీ నాన్నగారు దూరేరాండి?" అనడిగేసింది! సంతంతా గొల్లుమంది. ఎండుచేపలమ్మే ముసలమ్మ ఒకావిడ లేచొచ్చి, కొంగు చాపి గంపకి అడ్డంగా పట్టింది. ఆవిణ్ణి చూసి మిరపకాయలావిడ, ఆవిణ్ణి చూసి ఇంకొకావిడ, అలా ఆడోళ్ళందరూ కొంగులు పట్టి చుట్టూ దడి కట్టేసేరు. బంట్రోతు తల్లి కూడా అందులో ఉందంట. "ఒరే, ఇటు చెయ్యి పెట్టేవంటే మళ్ళీ నా ఇంటికి కూటికి రాకు" అంది. వాడు దొరని చూస్తాడు, తల్లిని చూస్తాడు, ఎవరి కూడు ముఖ్యమో తేల్చుకోలేక అక్కడే నించుండిపోయేడు.

అప్పుడు మొద్దు దగ్గర్నుంచి బుల్లియ్య, "గవరా, తియ్యకే" అన్నాడంట. అంతే, రెండు మాటలు. కొడుకు నోట ఆ మాట విన్నాక సత్తెమ్మ ఏడుపు మానేసి, తనూ కొంగు చాపి ఆ దడిలో నించుంది. దొరకిక దారి లేదు, అంతమంది ఆడోళ్ళని తోయించలేడు గదా. "సరే, పొద్దు గుంకనీ. అప్పుడు పూస రాకపోతే ఒక చెయ్యి కాదు, రెండూ" అన్నాడు.

కూచుంది గవరమ్మ. ఎండ నెత్తిమీదకొచ్చింది, పక్కకి వాలింది. పైకి రాయిలాగ కూచుంది గానీ దాని లోపల ఏముందో దానికే తెలుసు. ఎండ నిజంగా చాలిందో లేదో, అరువు పిడకల్లో ఎన్ని చెమ్మవో, దారిలో కుదుపుకి లోపల ఏమైందో. ఒక్క ఎర్ర పూస లేకపోతే మొగుడి రెండు చేతులూ తన మొండితనానికే పోతాయి. తీసి చూస్తే తెలిసిపోద్ది గదా అని చెయ్యి మూతదాకా వెళ్ళిందంట. వెళ్ళిన చేతిని తనే తొడకింద పెట్టి నొక్కుకుంది.

పొద్దు ఏటి అవతల గట్టుకి దిగింది. గవరమ్మ గోనె తీసి కింద పరిచి, మూతమీద చెంప ఆనించింది. తన చెంపే వెచ్చగా తగిలింది. గంపలో పెట్టుకొచ్చిన కొడవలి మొనతో మట్టి పగలగొట్టి, మూత తీసి, బూడిదలో చెయ్యి పెట్టింది. మొదటి పూస వచ్చింది, రెండు చెక్కలైపోయుంది. అయ్యో అన్నారందరూ. రెండోది పాలతెలుపు పూస, దాన్ని నిప్పేం చెయ్యలేదు, తెల్లగా ఎలా వెళ్ళిందో అలాగే వచ్చింది. ఇంకోటి చారలది, ఒక చార తెలుపు, ఒక చార ఎరుపు. అది ముద్దుగానే ఉంది గానీ దొరకి కావలసింది అది కాదు గదా. బుల్లియ్య కళ్ళు మూసుకున్నాడు. గవరమ్మ మళ్ళీ చెయ్యి పెట్టి, లోతుగా తడిమి, రేక్కాయంత దాన్ని పైకి తీసి, ఉఫ్ మని బూడిద ఊదింది. ఎరుపంటే ఎరుపా అది! తాంబూలం పండిన నాలిక్కి కూడా అంత ఎరుపు ఉండదు. పొద్దుకి ఎదురుగా పడితే లోపల్నుంచి వెలుగుతున్నట్టుంది.

దొర దండ తెప్పించి పక్కన పెట్టి చూసేడు. అటు తిప్పేడు, ఇటు తిప్పేడు. రవ్వంత తేడా లేదు. అప్పుడు ఏమన్నాడో తెలుసా ఆ పెద్దమనిషి? "ఇది నా పూసే! దొరికేరు దొంగలు! ఇంట్లో దాచుకుని, బూడిదలో పెట్టుకొచ్చి నాటకమాడతారా? ఇంత ఎరుపు ఈ నేలమీద పుట్టదని ఆవేళే చెప్పేనా లేదా?" అన్నాడు. చూసేరా, పూస రాకపోతే చెయ్యి తీస్తానన్నాడు, వచ్చిందా, వచ్చినందుకు దొంగంటాడు. సత్తెమ్మ అక్కడే కూలబడిపోయింది. ఎండుచేపలావిడ కూడా నోటిమీద చెయ్యేసుకుంది.

గవరమ్మ లేచి, కుండ రెండు చేతులా ఎత్తి, దొర కాళ్ళముందు గోనెమీద బోర్లించేసింది. బూడిద లేచి ఆయన తెల్లపంచంతా పడింది. ఆ బూడిదలోంచి దొర్లేయి చూడు పూసలు! పెద్దవి, చిన్నవి, చిట్లినవి, చిట్లనివి, గుప్పెళ్ళకి గుప్పెళ్ళు ఎర్రవి. ఒకటి దొర్లుకుంటా పోయి దొర చెప్పుకి తగిలి ఆగింది. "ఇవి కూడా మీయేనాండి?" అంది గవరమ్మ. "మీ దండలో పోయింది ఒక్కటే గదండి. మరి మిగతావి ఏ సముద్రమవతల్నుంచి కాజేసుకొచ్చేమో మీరే చెప్పండి." ముందు ఎండుచేపలావిడ నవ్వింది. తర్వాత బంట్రోతు తల్లి. తర్వాత ఎవరు నవ్వలేదో చెప్పడం కష్టం. దొర పంచె దులుపుకుంటా, ఎవరి మొహమూ చూడకుండా, "విప్పండ్రా వాడి కట్లు" అన్నాడు.

ఇంటికి పోతా దారిలో బుల్లియ్య అడిగేడంట. "ఏవే, ఒక్కటీ ఎర్రబడకపోతే ఏం చేద్దువు?" అని. "నీ చేతులు పోయేవి. నా చేతులు ఉన్నాయిగా, నువ్వు నోటితో చెప్తే నేను పూసలు చేద్దును. ఆ మాట మధ్యాన్నమే అనుకున్నాను, అందుకే అక్కడ కూచోగలిగేను" అంది. అని, అప్పుడు ఏడిచిందంట, నడిరోడ్డుమీద, ఆపుకోలేక. బుల్లియ్య ఆ చేత్తోనే దాని కళ్ళు తుడిచేడు. వెనకాల సత్తెమ్మ వస్తా వస్తా, నా కోడలికి మూత సంగతి నేర్పింది నేనేనమ్మా అని దారిన పోయేవాళ్ళందరికీ చెప్పుకుంటా వచ్చింది. చెప్పుకోనీ, నేర్పింది నిజమే గదా, తనే మర్చిపోయింది గానీ.

ఏంట్రా, ఇంతకీ ఆ పోయిన పూస ఏమైందంటావా? నాకేం తెలుసు. దొర కూడా మళ్ళీ ఎప్పుడూ అడగలేదంట. అడిగితే వాళ్ళింట్లో వెతకాలి గదా.