ఎత్తకూడని పేరు

ముంచింగిపుట్టు, 1925. తొలకరి పడ్డాక ఒక సంతరోజు పొద్దున్న. కచేరీ గుమాస్తా జగన్నాథరావు ఇంటి వసారాలోకి, కొండమీది ఊరి పెద్ద సుక్రు ఒక కాగితం పట్టుకుని వచ్చాడు.

“అరవకు, అరవకు. వింటున్నాను. సంతరోజు, దారంతా జనం. నలుగురిలో ‘బాబూ’ అని పిలవమని ఎన్నిసార్లు చెప్పాను నీకు?”

“నేస్తాన్ని బాబూ అనడానికి నోరు తిరగదు మరి. ఆరేళ్ళయినాది. నీ పేరెప్పుడైనా నా నోట రానిచ్చినానా?”

“లేదులే. కూర్చో. అక్కడ కాదయ్యా, ఇలా స్తంభం చాటుకి రా. ఏమిటలా చిక్కిపోయావు?”

“ఈ కాగితం సదివి పెట్టు.”

“ఏం కాగితం?”

“దొర ఇచ్చినాడు కాదా, కడియంతోటి. పోయిన సంతలో అందరి ముందూ నా సేతికి తొడిగినాడు. నువ్వు పక్కనే ఉన్నావు. సప్పట్లు కొట్టినావు.”

“ఆఁ, అవునవును. ఏదీ కడియం? చేతికి లేదే?”

“సోళ్ళ గింజల కుండలో పడేసినాను.”

“వెండి కడియమయ్యా!”

“అదుండనీ. కాగితం సదువు.”

“మంచి కాగితం. పటం కట్టించి ఇంట్లో పెట్టుకో. నీ మనవలు చూసి గొప్పగా చెప్పుకుంటారు.”

“పటం కడితే సదివేవోడు ఎవుడున్నాడు మా ఊళ్ళో? నువ్వే సదవాల. బేగి సదువు, వాన దిగక ముందే కొండెక్కాల.”

“సరే, ఇలా తే. పైనంతా ఇంగ్లీషు. కింద తెలుగు. ‘ఇందుమూలముగా తెలియజేయడమేమనగా, ఈ ఊరి పెద్ద సుక్రు అనునతడు—’”

“నేస్తం!”

“ఏమైంది?”

“నా పేరు పలికీసినావు.”

“కాగితంలో ఉందయ్యా! ఉన్నది చదవమన్నావు కదా!”

“ఉంటే దాటుకుని సదవాల. నేస్తం పేరు నేస్తం ఎత్తకూడదు. పూలు మార్సుకున్ననాడు ఏటనుకున్నాం? నువ్వు బతికున్నన్నాళ్ళూ నానెత్తను, నాను బతికున్నన్నాళ్ళూ నువ్వెత్తవు. సచ్చినప్పుడే, మూడు పిడికిళ్ళు మట్టేసి, ఒక్కపాలి పేరెట్టి కేకెయ్యాల. అప్పటికి తెగుద్ది నేస్తరికం. నాను బతికే ఉన్నాను కాదా?”

“తప్పయింది బాబూ, లెంపలేసుకుంటాను. ‘ఇతను’ అంటాను, చాలా? ‘ఇతను సర్కారువారి యెడల మిక్కిలి లాయల్‌గా మెలగి... అందుకుగాను ఈ వెండి కడియము బహూకరించడమైనది.’ అంతే. ఇది రాజముద్ర. ఇది దొర సంతకం.”

“ఆ మాటే. లాయల్. అందరూ అదే అంటన్నారు నన్ను. సంతలో ఉప్పు షావుకారు ‘ఏటిరా లాయలూ’ అన్నాడు. పోలీసోడు ‘లాయల్‌గారొచ్చినారు, తోవియ్యండి’ అని నవ్వినాడు. మా ఊరి గుంటలు నా ఎనకాల పడి అదే అరుత్తన్నారు. ఏటది? తిట్టా?”

“తిట్టేమిటి? మంచి మాట. నమ్మకస్తుడు అని అర్థం. విశ్వాసం గలవాడు.”

“ఇశ్వాసమంటే కుక్కకుంటాది కాదా, అదా?”

“కుక్కకీ వాడతారు.”

“మనిసికీ?”

“మనిషికీ వాడతారు. పెళ్ళాం మొగుడికి లాయల్. బంట్రోతు దొరకి లాయల్. ప్రజలు రాజుకి లాయల్.”

“మొగుడు పెళ్ళానికి?”

“అనొచ్చు. వాడుకలో తక్కువ.”

“దొర బంట్రోతుకి?”

“అలా అనరయ్యా.”

“రాజు పెజలకి?”

“నీకు ఇంగ్లీషు నేర్పించడం నా తరం కాదు.”

“అంటే పైనున్నోడు కిందున్నోడికి ఎట్టిన మాటన్నమాట. పోనీ, నేస్తం నేస్తానికి?”

“ఆఁ, అదుంది. అది బాగా ఉంది. కష్టకాలంలో స్నేహితుణ్ణి విడవనివాడు లాయల్. ఆ మాటకొస్తే అదే చక్కని వాడుక.”

“మరైతే ఈ కాగితం అబద్ధం.”

“అదేం మాట!”

“నా నేస్తాన్ని కాల్సి సంపీసినారు కాదా? సోములమ్మ కొడుకుని.”

“భీముణ్ణి.”

“నువ్వనొచ్చు. నాకు కుదరదు. దొరల మీద లేసిన గూడెం పితూరీలో తిరిగి, అలిసిపోయి, సొంత కొండకొచ్చి దాగినాడు. కొత్తమామిడి పండగనాడు నా సేతి మామిడికాయ తినడానికి అడివి దిగొత్తంటే గెడ్డ నీళ్ళ కాడ కాల్సీసినారు. మూడు నెల్లు తిరక్కుండా నాకు కడియం తొడిగి నాను లాయల్ అన్నారు. ఎవులికి లాయల్?”

“సర్కారుకి. రాసే ఉంది కదా.”

“సర్కారుకి నానేటి సేసినాను?”

“వాళ్ళేదో అనుకుని ఉంటారు.”

“దొర ఎంట ఇల్లిల్లూ తిరిగినానని ఊరు కూడా ఏదో అనుకున్నాది. సోములమ్మ నన్ను పీనుగు మీద సెయ్యెయ్యనివ్వలేదు. ‘నా కొడుకు పేరు అమ్ముకున్నావు, ఆ నోటితోటి నా కొడుకునెలాగ పిలుత్తావు’ అన్నాది. మట్టెయ్యనివ్వలేదు. కేకెయ్యనివ్వలేదు. ఆ పేరిక్కడే ఉండిపోనాది నేస్తం, గొంతులో. ముద్ద దిగనీదు. ఆడూ ఎల్లలేదు. గెడ్డ కాడే తిరుగుతన్నాడు, నానెప్పుడు పిలుత్తానా అని.”

“అవన్నీ మనసులో పెట్టుకోకు. జరిగిపోయింది.”

“ఇంకా జరగలేదు. మూడో పున్నమి దాటితే మట్టెయ్యడానికి ఉండదు. ఎల్లుండే పున్నమి. అందుకే వొచ్చినాను. నువ్వు నాతో కొండెక్కి సోములమ్మకి ఒక్క మాట సెప్పాల.”

“నేనా? నేనేం చెప్పను?”

“పండక్కి ముందు దొర మా ఊరొచ్చిన దినం మగోళ్ళ పేర్లు రాసినోడివి నువ్వే. దొర నన్ను ఇంటింటికీ తిప్పినాడు. ఇదెవులిల్లు, అదెవులిల్లు అని. సోంబరు ఇల్లన్నాను, నువ్వు రాసినావు. సోమన్న ఇల్లన్నాను, నువ్వు రాసినావు. సోములమ్మ గుమ్మం కాడికొచ్చీసరికి ఏటన్నాను?”

“‘ఈ ఇంటోడి పేరు నాను ఎత్తకూడదు’ అన్నావు.”

“పేరు సెప్పినానా?”

“చెప్పలేదు.”

“దొర కర్రతోటి ఈపు మీద పొడిసినాడు. సెప్పినానా?”

“చెప్పలేదయ్యా. ‘ఈ ఇంట్లో మగాళ్ళెవరూ లేరు’ అని ఒక్క అబద్ధం ఆడేస్తే పోయేది.”

“లేడని ఎలాగ సెప్పను? బతికున్న నేస్తాన్ని లేడనకూడదు. ఆడ్ని నా నోటితో సంపినట్టే.”

“ఏం మనుషులయ్యా మీరు!”

“సెప్పలేదు కాదా. ఆ మాటే సోములమ్మకి సెప్పు, సాలు. నువ్వు రాతోడివి, నీ మాట నమ్ముద్ది.”

“చూద్దాంలే. ఇదిగో, కాగితం జాగ్రత్తగా మడిచి పెట్టుకో, తడుస్తుంది.”

“ఉండు. మళ్ళీ సదువు.”

“చదివాను కదా!”

“ఏలెట్టి సదివినావు. ఇక్కడిదాకా ఏలు మెల్లిగా పాకినాది. ఇక్కడ్నించి ఒక్క గెంతు గెంతి కిందకొచ్చీసినాది. నాకు సదువు రాదు గానీ నాగలి పట్టినోడ్ని. సాలు తప్పితే తెల్దేటి?”

“అది ఊరికే దస్తావేజు భాష.”

“సదువు.”

“నీకర్థం కాదు.”

“అర్థం నువ్వు సెప్పు. సదువు నేస్తం.”

“సరే. ‘తన స్నేహితుడైన పితూరీదారుని ఆనవాలును, అతడు రాబోవు దినమును, స్వయముగా తెలియజేసి’... అని ఉంది.”

“సొయముగా అంటే?”

“తనంత తాను. తన నోటితో.”

“నానా?”

“అలా రాశారు.”

“ఎవులు రాసినారు?”

“దొర.”

“దొరకి తెలుగు రాదు. ఈ మెలికల రాత నాకు తెలుసు. ఆ దినం మా ఊరి పేర్లన్నీ ఈ మెలికల్తోనే రాసినావు. పక్కనే నిలబడి సూసినాను.”

“నీ మంచికే రాశాను! వినవయ్యా, ముందు పూర్తిగా విను. పితూరీదారుకి కూడు పెట్టినవాడికి ఏం శిక్షో తెలుసా? అండమాను. సముద్రం అవతల. మళ్ళీ నీ కొండ చూడవు. దొర నిన్ను పట్టి తెమ్మన్నాడు. నేనే కాళ్ళావేళ్ళా పడ్డాను. ‘కాదండీ, సమాచారమిచ్చింది వాడే, వాడు లాయల్’ అని నిలబెట్టాను. ఆ ఒక్క మాటే నిన్ను కాపాడింది.”

“నన్ను కాపాడినావు.”

“మరి!”

“నాను కూడెట్టినానని దొరకెలాగ తెలిసినాది?”

“పోలీసులు ఊరుకుంటారా? వాకబు చేస్తారు.”

“ఆడు నా నేస్తమని ఎలాగ తెలిసినాది?”

“నువ్వు పేరు చెప్పనన్నావు. దొరకి అనుమానం వచ్చింది.”

“పేరు సెప్పకపోతే మొండోడనుకుంటాడు. బయపడినాడనుకుంటాడు. నేస్తమని ఎందుకనుకుంటాడు? సీమ నించి వొచ్చినోడికి మా ఆచారం ఎవులు సెప్పినారు?”

“మబ్బు పట్టింది, నువ్వు బయల్దేరు.”

“నేస్తం. ఎవులు సెప్పినారు?”

“సాయంత్రం క్యాంపులో అడిగాడయ్యా. ‘వాడు పేరెందుకు ఎత్తకూడదన్నాడు’ అని. నేను మామూలుగానే చెప్పాను, వింతగా ఉంటుందని. వీళ్ళలో ఇలా ఒక ఆచారం ఉందండీ, పూలు మార్చుకుంటారు, ఆపైన ఒకరి పేరొకరు ఎత్తరు అని. దొర పకపకా నవ్వాడు. నీకు చాలా తెలుసే అన్నాడు. కుర్చీ వేయించాడు. పదమూడేళ్ళ సర్వీసులో నాకు కుర్చీ వేయించిన దొర లేడయ్యా.”

“కుర్సీ.”

“నోరు జారాను. ఒప్పుకుంటున్నాను. పొరపాటే.”

“కొత్తమామిడినాడు నేస్తం సేతి కాయ తినకుండా నేస్తం ఉండడు, ఏ కొండలో ఉన్నా దిగొత్తాడు. అది కూడా సెప్పినావా?”

“పక్కన కూర్చోబెట్టుకుని ఇంకా ఇంకా అడుగుతుంటే—”

“రెండోపాలీ నోరు జారినాదా?”

“పట్టుకుంటారనుకున్నాను. కాలుస్తారనుకోలేదు. దేవుడి తోడు, కాలుస్తారనుకోలేదు.”

“ఈ ఆచారం నీకెవులు సెప్పినారు?”

“నువ్వే చెప్పావు. ఎందుకిప్పుడవన్నీ?”

“నువ్వొచ్చిన తొలి ఏడు, కొండజొరంతోటి సోయ లేకుండా పడున్నావు. నీ బంట్రోతు యర్రయ్య బయపడి దిగువకి పారిపోనాడు. నిన్ను డోలీ కట్టి మోసినాం, పాడేరు దాకా, రెండు పగళ్ళు. ముందు బుజం నాది. ఎనక బుజం ఎవులిదో గేపకముందా?”

“ఉంది.”

“ఎవులిది?”

“వాడిదే.”

“నీ పేరు కూడా ఆడికి తెల్దు. నా నేస్తం కాబోయేవోడని మోసినాడు. నువ్వు లేసి కూకున్నాక మనం పూలు మార్సుకున్నాం. ఒక్క ఆకులో తిన్నాం. ‘మీతో కలిసి తిన్నానని ఎవరికీ చెప్పకు, మావాళ్ళు వెలేస్తారు’ అన్నావు. నా ఆడదానిక్కూడా సెప్పలేదు.”

“కాదన్నానా? నువ్వు నమ్మకస్తుడివి. అదే కదయ్యా నేను రాసింది!”

“ఇప్పుడు ఊరు నన్ను ఎలేసినాది. నా ఆడది రత్న పిల్లల్ని తీసుకుని కన్నోరింటికెల్లిపోనాది. పద నేస్తం. సోములమ్మ ముందు నిలబడి, ‘సెప్పింది ఈడు కాదు, నాను’ అని ఒక్క మాట. తిట్టుద్ది. కొట్టదు. ఎవుడైనా సెయ్యెత్తితే నానడ్డుంటాను.”

“ఎలా వస్తానయ్యా? నన్ను పట్నం బదిలీ చేశారు, హెడ్ గుమాస్తాగా. లోపల చూడు, సామాను కట్టేశాం. రేపు బళ్ళొస్తాయి. ఈ మాట బయటికొచ్చిందా, కాగితంలో రాసింది తప్పని నా ఉద్యోగం పోతుంది. నిన్ను జైల్లో తోస్తారు. ఇద్దరం పోతాం.”

“నన్ను తోసుకోమను. పేరు పిలిసినాక ఎక్కడికి తోసినా ఎల్తాను.”

“నీకేం, అంటావు. నాకు పిల్లలున్నారు.”

“నాకూ ఉన్నారు.”

“నాలుగు రోజులు పోతే ఊరే మర్చిపోతుంది. రత్న తిరిగొస్తుంది. మనుషులు అన్నీ మర్చిపోతారు.”

“హెడ్ గుమాస్తా అంటే పెద్ద కొలువేనా?”

“పెద్దదే.”

“నీకూ కాగితమిచ్చినారా?”

“కాగితం కాదు. సర్వీసు పుస్తకంలో రాశారు.”

“ఏటని?”

“అదే.”

“అదే అంటే?”

“లాయల్ అని.”

“ఒక్క సావుకి ఇద్దరు లాయల్లు.”

“ఎందుకలా మాట్లాడతావు? ఉండు, లోపల చెప్పి మజ్జిగ తెప్పిస్తాను.”

“ఒద్దు. మా కాడ ఈ మాట లేదు నేస్తం. ఆలోసించి సూసినాను, ఎక్కడా లేదు. పేరెత్తకుండా ఉంటాం, అంతే. సూసినోళ్ళకి అదే తెలుత్తాది. ఇదిగో నీ కాగితం.”

“నాకెందుకిస్తున్నావు? అది నీది.”

“నీ రాత. నువ్వే ఉంచుకో. ఆడ్ని పూడ్సిన రాయి కాడికి నన్ను రానివ్వరు. ఆ పేరు నాతోనే ఉంటాది. ఇంకోటి కూడా మొయ్యలేను.”

“ఇంకోటేమిటి? ఎక్కడికి, మాట్లాడుతుంటే? వాన పడుతోంది, పైకి రా. అక్కడ మెట్ల కింద ఏం చేస్తున్నావు? మట్టెందుకు తవ్వుతున్నావు?”

“తొలకరి మట్టి. మెత్తగా ఉన్నాది.”

“వసారాలోకి తేకయ్యా, పొద్దున్నే పనిమనిషి చిన్నమ్మలు అలికి వెళ్ళింది. అరే! నా కాళ్ళ మీద పోస్తావేమిటి?”

“ఒకటి.”

“జనం ఆగి చూస్తున్నారు. నీకేమైనా పిచ్చా?”

“రెండు.”

“ఆగు. ఆగు, మాట విను. వస్తాను, ఏదో ఒకటి ఆలోచిద్దాం. పై నెల సెలవు పెట్టి వస్తాను.”

“మూడు.”

“నేస్తం! వద్దు నేస్తం! ఇలా చూడు, నీ ఎదుటే ఉన్నాను, బతికే ఉన్నాను—”

“జగన్నాథరావూ!”