ఎవరి ఆరు గంటలు?

ఈ సభకు అధ్యక్షత వహిస్తున్న ఇంజనీరుగారికి, వేదిక మీదున్న పెద్దలకు, మా రెండు గేట్ల సిబ్బందికి, కొండకు అటువైపు నుంచి నాతోపాటు వచ్చిన ఇరుగుపొరుగువాళ్ళకు, ముందు వరుసలో కళ్ళజోడు తుడుచుకుంటూ కూర్చున్న మా వదినగారికి నమస్కారం. నన్ను రెండు ముక్కలు మాట్లాడమన్నారు. నేనూ రెండు ముక్కలు మాట్లాడి దిగిపోదామనే వచ్చాను. కానీ ఇప్పుడు దిగలేను. ఎందుకో చెప్తాను, కాస్త ఓపిక పట్టండి. అధ్యక్షులవారు గోడ గడియారం చూస్తున్నారు. నేనూ దాన్నే చూస్తున్నాను.

ఈరోజు రిటైరవుతున్న అన్నయ్యగారు ఈ సొరంగానికి తూర్పు గేటు మనిషి, నేను పడమటి గేటు మనిషిని. లోపల ఒక్క బండి పట్టే దారి. ఎదురెదురుగా రెండొస్తే తప్పుకోవడానికి చోటు లేదు. అందుకని ఒకవైపు వదిలినప్పుడు రెండోవైపు గేటు వేసి ఉండాలి. నేను బండి వదిలేటప్పుడు ఫోన్ తీసి 'పంపాను' అంటాను, అది క్షేమంగా బయటపడ్డాక ఆయన 'అందింది' అంటారు, ఆ మాట వినేదాకా నాకు మంచినీళ్ళు కూడా దిగవు. ఇన్నేళ్ళూ ఈ రెండు మాటల మీదే బతికాం. మొహాలు చూసుకున్నది ఎప్పుడో ఒకసారి, అదీ మీటింగుల్లో. ఆయన గొంతు విని గుండు మనిషై ఉంటారనుకున్నాను, తీరా చూస్తే ఇదిగో, దువ్వెన విరిగిపోయేంత జుట్టు. (నవ్వులు)

మీ ఊళ్ళో చాలామంది నన్నడుగుతుంటారు, 'ఏమ్మా, మీ వైపువాళ్ళు ఎప్పుడూ అరగంట ఆలస్యమేంటి?' అని. మేం ఆలస్యం కాదండీ, మీరే తొందర! (నవ్వులు) కొత్తవాళ్ళ కోసం చెప్తున్నాను. కొండకు తూర్పున, సముద్రం దాకా ఉన్న ఈ లోయలన్నిటికీ పొద్దు ముందే పొడుస్తుంది కాబట్టి, దేశం గడియారం కన్నా అరగంట ముందుండే సొంత టైము ఇచ్చారు. సొరంగం మధ్యలో గోడకు తెల్ల గీత ఉందే, దాన్ని దాటితే అరగంట. స్కూళ్ళు, అంగళ్ళు, ఆస్పత్రి, కోర్టు, పెళ్ళి ముహూర్తాలు అన్నీ మీ టైమే. కానీ రైలు మాత్రం పడమటి టైముకే వస్తుంది, ఎందుకంటే దాన్ని నడిపే ఆఫీసు పడమట ఉంది. కేంద్రం నుంచి వచ్చే పరీక్షా అంతే. హాల్‌టికెట్ మీద పది అని ఉంటే మీ పిల్లలు మీ పదిన్నరకు రాస్తారు. కాగితం ఎక్కడ పుడితే అక్కడి టైమే దానికి వర్తిస్తుంది, వేరే టైమని రాస్తే తప్ప. మా కొండవాలులో పాలవాళ్ళ కాలనీ ఒకటుంది, అది పడమటే, అయినా పాలు మీకు పోస్తారు కాబట్టి గేదెలతో సహా అందరూ తూర్పు టైముకే లేస్తారు. (నవ్వులు)

దీంతో నేను పడ్డ పాట్లు నాకే తెలుసు. మా అత్తగారిది మీ వైపు. కొత్తలో ఎప్పుడొచ్చినా 'కోడలికి ఇప్పుడు తెల్లవారిందా' అనేవారు. అదే తిరుగుదారిలో అయితే, బయల్దేరిన టైము కన్నా ముందే ఇంటికి చేరేదాన్ని. మా ఆయన తలుపు తీసి 'ఇంకా బయల్దేరలేదనుకున్నానే' అనేవాడు. అందుకే మా గేట్ల దగ్గర ఒక కట్టుబాటు ఉంది. ఒట్టి టైము చెప్పం. 'మా ఏడు', 'మీ ఏడు' అనే చెప్తాం. మొదటి రోజు ఫోన్లో నేను 'ఏడింటికి పాల బండి వస్తుందండీ' అంటే అన్నయ్యగారు, 'ఎవరి ఏడు, చెల్లెమ్మా?' అన్నారు. విసుగొచ్చింది నాకు. ఏడంటే ఏడు కాదా అనుకున్నాను.

ఆయన మొండితనం గురించి ఒక్కటి చెప్పి అసలు సంగతికి వస్తాను. ఒకసారి పొగమంచు రోజున మీ గేటు దగ్గర లారీలు బారులు తీరాయి. 'అందింది' అని ఈయన నాకు ఇంకా చెప్పలేదు, ఎందుకంటే నేను పంపిన బండి ఈయనకు కనబడలేదు. లారీవాళ్ళు తిట్టారు. ఒకతను దిగొచ్చి చెంప మీద కొట్టాడు. ఫోన్లో ఆ చప్పుడు నేను విన్నాను. 'అన్నయ్యా!' అని అరిస్తే, 'లైన్లో ఉండమ్మా, గేటెత్తను' అన్నారు, అంతే. కాసేపటికి దీపాలు పోయిన స్కూలు బస్సు ఒకటి గోడ పట్టుకుని నడిచినట్టు మెల్లగా బయటికొచ్చింది. కొట్టినతను అక్కడే రోడ్డు మీద కూలబడ్డాడట. ఇంతకుముందు మాట్లాడినవాళ్ళు ఆయన్ని సౌమ్యుడు అన్నారు. కాదండీ, సౌమ్యుడైతే ఆరోజు గేటెత్తేసేవాడు.

ఇక అసలు సంగతి. ఈ సాయంత్రం ఆరింటి నుంచి సొరంగానికి రెండు వైపులా కొత్త సిగ్నళ్ళు పనిచేస్తాయి, మంచిదే. నేను యంత్రాలకు అడ్డం చెప్పేదాన్ని కాదు, నా మోకాళ్ళనడగండి. రెండు సిగ్నళ్ళూ వెలిగాయంటే ఒకదాన్నొకటి చూసుకుంటాయి. కానీ ఉత్తర్వులో ఏముంది? 'ఆరు గంటలకు సిగ్నల్ వేసి, ఫోన్ గది తాళం వేయవలెను. ఫోన్‌కు జవాబు రానిచో అవతల సిగ్నల్ పనిచేయుచున్నట్లు భావించి బండ్లు పంపవచ్చును.' మా గేటుకి అంటించిందీ ఇదే, మీ గేటుకి అంటించిందీ ఇదే. పొద్దున మా దగ్గర చదివి నా ఆరే అనుకున్నాను. ఇక్కడికొచ్చాక మీ టెక్నీషియన్, పాపం మంచివాడే, 'అమ్మా, ఇంకాసేపట్లో వేసేసి ఫోటోకి వచ్చేస్తా' అన్నాడు. ఈ గడియారం చూశాను. అతను వేయబోయేది మీ ఆరుకి.

అర్థమైందా అండీ? మీ ఆరు కాగానే ఇక్కడ సిగ్నల్ వెలుగుతుంది, ఫోన్ గదికి తాళం పడుతుంది. మా దగ్గర అప్పటికింకా ఐదున్నరే. మా సిగ్నల్ నిద్రలోనే ఉంటుంది. అవతలినుంచి ఎవరూ రావడం లేదనుకుని మీ సిగ్నల్ పచ్చగా ఉంటుంది, మీ సిమెంటు లారీలు లోపలికి వెళ్తాయి. మా గేటు దగ్గర నా బదులు కూర్చున్నాయన నిన్ననే వచ్చాడు. ఫోన్ చేస్తాడు, ఎవరూ ఎత్తరు, కాగితంలో ఉన్నట్టే బండి వదులుతాడు. ఆ వేళకు మా వైపు నుంచి వచ్చే మొదటి బండి మిల్లు షిఫ్టు బస్సు.

దాన్ని నడిపేది మా అమ్మాయి.

(సభలో కలకలం)

కూర్చోండి, దయచేసి కూర్చోండి. సెల్‌ఫోన్లు తీయకండి, ఆ కొండ ఇరుకులో సెల్ అందదు, నేను పదిసార్లు ప్రయత్నించాను. ఆ గేటు ఫోను ఈ గేటుకి తప్ప ఇంకెక్కడికీ మోగదు. ఆపమని, కనీసం మీ గేటు ఫోనైనా ఒక్కసారి చేయనివ్వమని టెక్నీషియన్ని బతిమాలాను, 'పైవాళ్ళు చెప్పాలమ్మా' అన్నాడు. సభ మొదలవకముందు ఇంజనీరుగారికీ చెప్పాను. 'సభ అయ్యాక చూద్దాం' అన్నారు. సార్, సభ అయ్యేసరికి మీ ఆరు దాటుతుంది. మీ మీద నాకు కోపం లేదని అబద్ధం చెప్పను, ఉంది. కానీ తప్పు మీ ఒక్కరిదే అనను. ఆరంటే ఆరే కదా అని రాసినవాళ్ళూ అనుకున్నారు, అంటించినవాళ్ళూ అనుకున్నారు.

(అధ్యక్షులు: "అమ్మా, మీ బాధ నాకు అర్థమైంది. కానీ ఆ ఉత్తర్వులో అక్షరం మార్చే అధికారం నాకు లేదు. కేంద్ర కార్యాలయం నుంచి రావాలి.")

కేంద్ర కార్యాలయం. సార్, ఆ ఆఫీసు కొండకు ఏ వైపు?

ఇందాక నా నోటితో నేనే చెప్పాను, నాకే తట్టలేదు చూడండి. రైలు, పరీక్ష... కాగితం ఎక్కడ పుడితే అక్కడి టైము. మీరు అక్షరం మార్చొద్దు సార్. ఉన్నదున్నట్టు చదవండి. సంతకం పడమట పడింది. తూర్పు టైమని ఎక్కడా రాయలేదు. అంటే ఆ ఆరు నా ఆరు. మీ ఆరు కొట్టినా ఇంకో అరగంట దాకా ఇక్కడ సిగ్నల్ వేయకూడదు, ఆ గదికి తాళం పడకూడదు, ఫోన్ దగ్గర మనిషి ఉండాలి. అన్నయ్యగారి విరమణా అదే కాగితంలో ఉంది. ఈయన ఇంకా రిటైరవలేదండీ! మీరంతా తొందరపడి సన్మానం చేస్తున్నారు. (ఎవరూ నవ్వలేదు)

చదవండి సార్. నేను ఆగుతాను.

(అధ్యక్షులు కాగితం తెప్పించుకుని చదివారు. "పడమటి టైమే. టెక్నీషియన్‌కి నా మాటగా చెప్పండి" అన్నారు. జేబులోంచి కారు తాళం తీసి, గేటు దాకా దింపడానికి తానే లేచారు.)

మీకు చేతులెత్తి మొక్కుతాను సార్. ఇందాకటి కోపం వెనక్కి తీసుకుంటున్నాను, మిగిలితే రేపు చూసుకుందాం.

అన్నయ్యా, లేవండి. ఆ పుష్పగుచ్ఛం వదినకివ్వండి. చెప్పులు తర్వాత వెతుక్కోవచ్చు. ఇన్నేళ్ళుగా మీరు నా కన్నా అరగంట ముందున్నారు, ఈ ఒక్కరోజు నా టైములోకి రండి. అవతల ఆయన 'పంపాను' అంటాడు. గేటు వేసి ఉంచండి. లారీవాళ్ళు తిట్టినా, కొట్టినా ఎత్తకండి. నేనూ మీతో ఆ గదిలోకి వస్తాను. 'అందింది' అనే మాట లెక్కలేనన్నిసార్లు విన్నాను గానీ, అనేటప్పుడు మీ మొహం ఎలా ఉంటుందో ఒక్కసారీ చూడలేదు. మా అమ్మాయి బస్సు బయటికొచ్చాక మీరు ఆ మాట అంటుంటే చూడాలి.

పిలిచినవాళ్ళకు, విన్నవాళ్ళకు, దారిస్తున్నవాళ్ళకు అందరికీ కృతజ్ఞతలు. దారివ్వండి, దారివ్వండి. సెలవు.