వదిన లాప్‌టాప్

వంటింటి బల్ల మీద ఆరేళ్ళ నాటి లాప్‌టాప్. దాని ముందు వదిన, ఆడపడుచు.

"...అంతా తుడిచిపెట్టుకుపోదు కదా చిట్టీ?"

"పోదు వదినా. నీ ఫైళ్ళన్నీ ముందే పెన్‌డ్రైవ్‌లోకి తీశా. ఇదిగో, కొత్త సిస్టం ఎక్కేసింది. లినక్స్. పైసా ఖర్చు లేదు. ఒకసారి ఆఫ్ చేసి ఆన్ చెయ్యి."

"అమ్మో, అప్పుడే తెరుచుకుందా? ఇంతకుముందు ఇది ఆన్ చేసి స్నానానికెళ్ళొచ్చినా తెరుచుకునేది కాదు."

"పాత సిస్టం బరువు వదినా. ముసలిదాని నెత్తిన బస్తా పెట్టినట్టు. ఇది తేలిక. ఏదీ, టైపు కొట్టు."

"కొడుతున్నా... అరె, వేలితోపాటే అక్షరం పడుతోంది."

"చెప్పాగా."

"పోయినేడు ఆ ఆసుపత్రి టైపు ఉద్యోగానికి ఇంట్లోంచే దీని మీద రాసిన పరీక్షలో ఇలా పడుంటేనా. విని టైపు కొట్టాల్సిన డాక్టరు మాటలు చెవిలో పోతూనే ఉన్నాయి. నా వేళ్ళు మూడో లైన్లో, అక్షరాలు మొదటి లైన్లో. సగంలో బిగుసుకుపోయింది. ఆ ఉద్యోగం నీకొచ్చిందని సంతోషించాననుకో, కానీ..."

"ఇప్పుడెందుకు వదినా అవన్నీ. సోమవారం మళ్ళీ రాస్తున్నావుగా."

"నీకు టైపు నేర్పిందే నేను. నేర్పినదానికి నామాలు, నేర్చుకున్నదానికి ఉద్యోగం. మీ అన్నయ్యైతే నవ్వాడు. మెషిన్‌దేం లేదు, నీ చేతులకే తుప్పు పట్టిందన్నాడు."

"సరదాకి అనుంటాడులే. ఇక మూసేద్దామా?"

"ఉండు, చూడనీ. ఇదేంటి, మెషిన్ వివరాలా? మెమరీ నాలుగు జీబీ అంటోందేంటి?"

"ఏదో చూపిస్తుందిలే. అవన్నీ పట్టించుకోకు."

"ఇది ఎనిమిది కదా."

"లేదొదినా, ఈ మోడల్‌కి నాలుగే."

"షాపతను నాలుగు చాలన్నా, పట్టుబట్టి ఇంకో నాలుగు వేయించింది నేనే. నా ఎదురుగానే మూత విప్పి రెండో ముక్క బిగించాడు. వేలెడంత పచ్చ మెమరీ ముక్క."

"అయితే కొంత లోపలి పనులకి పోతుందేమో."

"సగమా? మూత విప్పు."

"స్క్రూడ్రైవర్ తేలేదు వదినా."

"కత్తి మొనతో వస్తాయి. జరుగు."

"వద్దు వదినా, వారంటీ..."

"ఆరేళ్ళ దానికి వారంటీ ఏంటే. జరుగు... ఇదిగో, చూడు. ముక్కలు పెట్టే చోట్లు రెండు. ఒకదాంట్లో ఉంది. రెండోది ఖాళీ."

"పాడైపోతే ఎవరో తీసుంటారు."

"ఎవరో ఎవరు? కొన్నాక ఇది ఈ గడప దాటింది ఒక్కసారే. పరీక్షకి ముందు వారం. దుమ్ము పట్టింది, శుభ్రం చేయించుకొస్తానని మీ అన్నయ్య పట్టుకెళ్ళాడు. ఎక్కడ చేయించావంటే నీకెందుకు, అయిందిగా అన్నాడు. మెమరీ సగం పోతే నెమ్మదించక ఏం చేస్తుంది, ఆ మర్నాటి నుంచే దీనికి మూలుగుడు."

"అన్నయ్య అలాంటి పని..."

"వెనకేసుకు రాకు. నేను ఉద్యోగానికెళ్తే ఇల్లెవరు చూస్తారని నెల్రోజులు సణిగిన మనిషి. ఇంటిదొంగని ఈశ్వరుడైనా పట్టలేడంటారు, నిజమే. ఏడాది చిట్టీ. ఏడాదిపాటు నా చేతుల్ని నేనే తిట్టుకున్నా. నాకిక రాదు, వయసైపోయింది అనుకున్నా. కట్టుకున్నవాడు ఇంత పని చేస్తాడా?"

"ఏడవకు వదినా. ఇప్పుడు నాలుగుతోనే పరిగెడుతోందిగా. అందుకే ఈ సిస్టం వేశా."

"అందుకే అంటే?"

"అదే... పాత మెషిన్ కదా అని."

"ఆ ఫోన్ ఇటివ్వు. ఆఫీసులో ఉన్నా సరే, ఇప్పుడే అడుగుతా. నలుగురిలో అడుగుతా."

"వద్దు వదినా."

"ఇవ్వమంటున్నానా. ఇవాళ అటో ఇటో తేలిపోవాలి. రేపొద్దున్న ఆ మనిషి మొహం ఎలా చూడను నేను?"

"వదినా, అన్నయ్యకి తెలీదు."

"ఏం తెలీదు? చిట్టీ, ఏం తెలీదు?"

"వాడికి మూత విప్పడం కూడా రాదు వదినా. దుమ్ము దులపమని తెచ్చి ఇచ్చింది నాకే. నా మెషిన్‌లో అప్పుడు నాలుగే ఉండేది. ఉన్నదేమో ఒక్కటే ఉద్యోగం."