మూడు రోజుల యాస

“మళ్ళీ చెబుతాను, విను. ‘పొద్దుగాల వచ్చిన, సాంచ బందయింది.’ ఇప్పుడు సరిగ్గా ఉందా?”

“వచ్చిన కాదు, అచ్చిన. నోట్లె నీళ్లు వోసుకున్నట్టు ఎందుకంటవే?”

కోరుట్లలో రజని ఇంటి అరుగు మీద, చాటలో తునికాకు పెట్టుకొని ఆమె బీడీలు చుడుతోంది. ఎదురుగా చాప మీద సినిమా కాగితాలతో కూర్చున్నది సృజన, ఆమెతో ఒకే బడిలో చదివి, పదేళ్లకే టీవీలో పాడి, ఇప్పుడు లండన్ దాకా కచేరీలు చేస్తూ సినిమాల్లోనూ నటిస్తున్న సృజన.

“అచ్చిన.”

“ఆఁ. గిప్పుడు జెర మనిషి లెక్కున్నది.”

“నవ్వకు రజనీ. నిన్న సిరిసిల్లలో డైరెక్టర్ షూటింగ్ ఆపేశాడు. సాంచాల మీద బట్ట నేసే ఆడమనిషి వార్తలు చదివినట్టు మాట్లాడుతోందన్నాడు. మూడు రోజుల్లో యాస రాకపోతే వేరే అమ్మాయిని పెట్టుకుంటారట.”

“లండన్ల అందరు లేచి సప్పట్లు కొట్టిరి గద. ఫోన్ల చూసిన. ‘తెలంగాణ మట్టి గొంతు’ అని రాసిండ్రు.”

“పాట వేరు. పాట అట్లాగే ఉండిపోయింది. మాటే...”

“మాటకేమైంది?”

“ఏం లేదు. తర్వాతి డైలాగ్ చూద్దాం.”

“చూద్దాం గని, గా మాట ఏడ వోయింది? బడిల సార్లకు సుత ఎదురు మాట్లాడేటిదానివి.”

“పోలేదు. తీసేశారు.”

“ఎవలు?”

“టీవీ పోటీ గుర్తుందా? మొదటి రౌండ్‌లో, ఎవరు నేర్పారమ్మా అని జడ్జి అడిగాడు. ‘మా అవ్వ నేర్పింది సార్, నాట్లేసుకుంట నేర్పింది’ అన్నాను. హాలంతా నవ్వింది.”

“మేం సుత నవ్వినం. టీవీ ముందల వాడకట్టంత నవ్విండ్రు.”

“తిరిగొచ్చేటప్పుడు నాన్న జగిత్యాలలో దిగాక ఇంటికి కూడా రాలేదు, నేరుగా ట్యూషన్ టీచర్ దగ్గరికి తీసుకుపోయాడు. అచ్చిన అంటే ఒక దెబ్బ. బువ్వ అంటే రెండు.”

“భీమయ్య మామ కొట్టిచ్చిండా? నిన్ను బుజాల మీద మోసుకొని తిరిగెటోడు.”

“నాన్న మంచికే చేశాడు.”

“నాన్న అంటున్నవ్. బాపు అనేటిదానివి.”

“ఫైనల్లో ‘వచ్చాను’ అన్నాను రజనీ. గెలిచాను. అక్కడి నుంచే దుబాయ్, మస్కట్...”

“మస్కట్ ప్రోగ్రాంకు గాడనే పనిజేసే మా ఇంటాయన నరేశ్ సుత వోయిండు. ‘నా పెండ్లాం ఆమెతోని చదివింది, ఒక్క ఫోటో’ అంటే గేటు కాడ నవ్విండ్రట.”

“నాకెవరూ చెప్పలేదు.”

“నువ్వేం జేస్తవ్ లే. సదువు, ‘సమజ్ కాలే’ అన్న డైలాగ్ కాడికెల్లి.”

“ఆగు. మూడు రోజులు నీ పని చెడగొడుతున్నాను. నీకేం చేయమంటావో చెప్పు.”

“ఏమొద్దు.”

“చెప్పు.”

“కాదనవ్ గద?”

“చెప్పవే.”

“మా బిడ్డ సంగీత టీవీ పాటల పోటీకి సెలెక్టయింది. అచ్చే నెల హైదరాబాద్ పోవాలె. పాటకు ఫికర్ లేదు, నోరు తెరుస్తెనే భయం. నువ్వున్న మూడు రోజులు నా బిడ్డకు నీ లెక్క మాట్లాడుడు నేర్పు. నా మాట దానికి అంటకుంట చెయ్యి.”