రబ్బరు అరచెయ్యి

చిక్కడపల్లిలో నర్మద రబ్బరు స్టాంపుల దుకాణం. ఒకప్పుడు పంక్ బ్యాండులో ఆమె పక్కన గిటార్ వాయించిన అనురాగ్ పన్నెండేళ్ళ తర్వాత మెట్లెక్కి వచ్చాడు.

“అంతే నర్మదా. ఒక్క చెయ్యి. నీకు గంట పని.”

“నా చెయ్యి నీకెందుకు? పోస్టర్ మీది చెయ్యి నీదేనని పేపర్ల చెప్పినవ్ గదా.”

“జర మెల్లగ. లోపల వేదవతి వింటది.”

“వేదవతి మన డ్రమ్మర్. మన పోస్టర్ మీద నల్ల చెయ్యి ఎవరిదో ఆమెకు ఎర్కే.”

“రేపు నారాయణగూడల నాకు సన్మానం. కెమెరాల ముందట, గోడ మీద చెయ్యి అద్దాలట. ఆ పోస్టర్ చెయ్యే.”

“అద్దు. నీదే గదా.”

“నా అరచేతిల ఆ కుట్ల మచ్చ లేదు.”

“ఎట్లుంటది? జాకెట్ కుట్టంగ కత్తెర దిగింది నాకు. అది నీ జాకెట్టే.”

“పల్చటి రబ్బరుతో చేసియ్యి. అరచేతికి అతికించుకొని రంగు పూసుకుంటే ఎవ్వరికీ తెల్వది.”

“పాటలు నేను రాసిన. పోస్టర్లు నేను చెక్కిన. జాకెట్లు నేను కుట్టిన. పేపర్ల మాత్రం అన్నీ వచ్చిన మల్టీ ఆర్టిస్టువి నువ్వు.”

“నీ పేరు చెప్త. తర్వాత...”

“పన్నెండేండ్ల సంది తర్వాతనే.”

“ఏయ్, నేను సుత చెక్కిన!”

“చెక్కినవ్. ఒక్కటి. బ్యాండ్ పేరు. అచ్చుకు అక్షరాలు ఉల్టా చెక్కాలె. నువ్వు సీదా చెక్కినవ్. అశోక్‌నగర్ గోడలన్నిటి మీద ‘చెత్తకుండి’ ఉల్టా పడ్డది.”

“పంక్ అంటే గట్లనే ఉంటదన్న. అందరు నమ్మిన్రు.”

“నీ మాట అందరు నమ్ముతరు.”

“చేస్తవా, చెయ్యవా?”

“సాయంత్రం రా.”

సాయంత్రం, అదే దుకాణం.

“అబ్బ! అచ్చం నీ చెయ్యే. మచ్చ సుత ఉన్నది. గీతలే జర ఎక్కువున్నయ్.”

“చెక్కి చెక్కి అరిగిన చెయ్యి. గీతలు గాక ఏముంటయ్?”

“ఇంట్ల ఒకసారి అద్ది చూస్కుంట.”

“అద్దకు. మొదటి రంగుకే గీతలు మంచిగ పడ్తయ్. గోడ కోసం ఉంచు.”

“నువ్వేం మారలే నర్మదా. పెద్ద మనసు నీది.”

“పో, పో. రేపు నేనూ వస్త. ముందు వరసలనే నిలబడ్త.”

“అనురాగ్ పోయిండు. నర్మదక్కా, నీకు సిగ్గు లేదా? ఇన్నేండ్లు తిట్టినవ్, అడగంగనే చేతిల పెట్టినవ్!”

“వేదా, బల్ల కింద ఆ రబ్బరు చెయ్యి అద్ది చూసిన ట్రయల్ కాయితం ఉన్నది, తియ్యి.”

“ఏముంది, నీ చెయ్యే. నీ మచ్చ... ఆగు. ఇవి గీతలు కావు. ‘ఇది నర్మద చెయ్యి. అనురాగ్ దొంగ.’ అక్కా! ఇప్పుడే చూసిండు గదా, వానికి కనపడలేదా?”

“రబ్బరు మీద అక్షరాలు ఉల్టా ఉంటయ్. ఉల్టా అక్షరాలు వానికి ఎన్నడు వచ్చినయ్?”

“మచ్చ కింద ఇంకేందో ఉన్నది...”

“అది బ్యాండ్ పేరు. ఈసారి సీదా పడ్తది.”